లారీలో నిద్ర కెమెరా, కంట్రోల్ రూమ్ సర్వీసు: డబ్బు కట్టే ముందు చూసుకోవాల్సినవి

నెల్లూరు, ఒంగోలు ఆటోనగర్ల చుట్టూ లారీ ఓనర్లకు ఇప్పుడు గట్టిగా అమ్మజూపుతున్న సరుకు ఇది. డ్రైవరు ముఖం చూసే కెమెరా ఒకటి, ముందు అద్దానికి అంటించి రోడ్డు చూసే కెమెరా ఇంకొకటి, డ్యాష్‌బోర్డు కింద సిమ్ కార్డు వేసిన పెట్టె, చిన్న స్పీకరు. డ్రైవరు కళ్ళు మూతపడితే స్పీకరు అరుస్తుంది. ఆ పది సెకన్ల వీడియో ముక్క కంట్రోల్ రూమ్‌కు పోతుంది. నెలనెలా చందా కడితే అక్కడ కూర్చున్న మనిషి ఆ ముక్క చూసి డ్రైవరుకో, ఓనరుకో ఫోను చేస్తాడు. డ్రైవర్లు దీన్ని నిద్ర కెమెరా అంటున్నారు. ఇలాంటివి రకరకాల పేర్లతో వస్తున్నాయి, పని చేసే పద్ధతి దాదాపు ఒకటే. కాబట్టి ఇక్కడ పరిశీలన బ్రాండు మీద కాదు, ఆ పద్ధతి మీద.

తీర్పు ముందే చెప్పేస్తాం. డ్రైవరును చూసే కెమెరా మంచి పరికరం, సరిగ్గా బిగిస్తే కొనదగ్గది. రోడ్డు చూసే కెమెరా మన దగ్గర సగమే పనికొస్తుంది. కంట్రోల్ రూమ్ చందా మాత్రం వాళ్ళు ఇచ్చే పద్ధతిలోనే తీసుకుంటే దండగ. కొన్ని షరతులు పెట్టి, సెట్టింగులు మార్పించి తీసుకుంటే పనికొస్తుంది. లోపమంతా ఒక్క చోటే ఉంది: అలారం మోగిన తర్వాత మనిషి ఏం చేయాలి, చేయగలడా అన్నది ఈ సరుకు తయారుచేసినవాళ్ళు సరిగ్గా ఆలోచించలేదు. యంత్రం చూడటం నేర్చుకుంది గానీ చెప్పడం ఇంకా నేర్చుకోలేదు.

ముందు పరికరం సంగతి. కెమెరా చుట్టూ కంటికి కనిపించని ఇన్‌ఫ్రారెడ్ బల్బులు ఉంటాయి. ఆ వెలుతురులో రాత్రి కూడా డ్రైవరు కళ్ళు దానికి కనిపిస్తాయి. ఈ బల్బుల్లో రెండు రకాలు. 850 నానోమీటర్లవి చీకట్లో సన్నగా ఎర్రగా మెరుస్తాయి, రాత్రంతా ఆ ఎర్ర చుక్క డ్రైవరు కంటికి ఎదురుగా ఉంటే చికాకు. 940 నానోమీటర్లవి అసలు కనిపించవు. పైగా గాలిలోని తేమ ఆ తరంగాన్ని ఎండలోంచి కొంత పీల్చేసుకుంటుంది కాబట్టి పగటి ఎండ కూడా కెమెరాను తక్కువగా ఇబ్బంది పెడుతుంది. 940 రకమే అడగండి. అమ్మేవాడికి తెలియకపోతే చీకటి గదిలో వెలిగించి చూడండి, ఎర్ర చుక్క కనిపిస్తే అది 850.

అది కంటి రెప్పల మధ్య ఎడం కొలుస్తుంది. రెప్ప ఎంతసేపు మూసి ఉంది అన్నదాన్ని బట్టి రెండు రకాలుగా లెక్క వేస్తుంది. ఒకటి నేరు లెక్క: రెండు సెకన్లు మూసి ఉంటే మోగడం. రెండోది పెర్‌క్లోస్ అనే లెక్క: ఒక నిమిషంలో రెప్ప 80 శాతానికి మించి మూసి ఉన్న సమయం ఎంత అని. 1990లలో అమెరికాలో డ్రైవర్ల నిద్రమత్తు మీద జరిగిన పరిశోధనల్లో నిలబడిన కొలత ఇది. ఈ తేడా చిన్నదిగా కనిపిస్తుంది గానీ అసలు విషయమంతా ఇందులోనే ఉంది.

60 కిలోమీటర్ల వేగంలో లారీ సెకనుకు 16.7 మీటర్లు పోతుంది. కళ్ళు మూతపడిన రెండు సెకన్లకు అలారం మోగి, డ్రైవరు ఉలిక్కిపడి లేచి, బ్రేకు మీద కాలు పెట్టేసరికి ఇంకో సెకనున్నర. మూడున్నర సెకన్లలో 58 మీటర్లు పోయింది. బ్రేకు పడ్డాక లోడు బండి వేగం ప్రతి సెకనుకూ, సెకనుకు 4 మీటర్ల మేర తగ్గుతుందనుకుంటే ఆగడానికి మరో 35 మీటర్లు కావాలి. మొత్తం 93 మీటర్లు. ముందు ఏ పార్కింగ్ లైటూ లేకుండా ఆపిన బండి ఉంటే ఈ అలారం ఆలస్యమైన అలారమే. పెర్‌క్లోస్ లెక్క అలా కాదు. రెప్ప వాల్చడం బరువెక్కుతున్న దశలోనే, ఇంకా కునుకు పట్టకముందే చెప్తుంది. బండిని మెల్లగా పక్కకు తీసుకునే వ్యవధి దొరుకుతుంది. సెట్టింగుల్లో ఆ లెక్క ఉందా, ఆన్ చేశారా అన్నది మొదటి ప్రశ్న కావాలి. చాలా బండ్లలో నేరు లెక్క ఒక్కటే ఆన్ చేసి వదిలేస్తున్నారు, ఎందుకంటే డెమో చూపించడం దానితో సులువు. కళ్ళు మూసుకో, మోగింది, అయిపోయింది.

బిగింపులో తప్పులు ఎక్కువ. ఫిట్టరు చేతికి అందే చోట, డ్యాష్‌బోర్డు నడిమధ్యలో కెమెరా పెట్టేస్తాడు. మన 16వ నంబరు హైవే ఈ రెండు జిల్లాల్లో దాదాపు ఉత్తర దక్షిణాలుగా పోతుంది. డ్రైవరు కూర్చునేది కుడి పక్క. పొద్దున నెల్లూరు నుంచి కావలి మీదుగా ఒంగోలు పోతుంటే తూర్పు కుడిచేతి వైపు. సాయంత్రం ఒంగోలు నుంచి నెల్లూరు వస్తుంటే పడమర కుడిచేతి వైపు. అంటే రెండు పూటలా సూర్యుడు డ్రైవరు తలుపు కిటికీలోంచే వస్తాడు. నడిమధ్యలో పెట్టిన కెమెరాకు డ్రైవరు తల వెనక ఆ కిటికీ, ఆ వెలుగు. ముఖం నల్లటి ముద్దలా కనిపిస్తుంది, కళ్ళు దొరకవు. అదే కెమెరాను స్టీరింగు వెనక, మీటర్ల పైన, ఒక జానెడు కుడికి జరిపి పెడితే వెలుగు కెమెరాకు ఎదురు రాదు. ముఖానికీ కెమెరాకూ మధ్య 60 నుంచి 100 సెంటీమీటర్లు ఉంటే చాలు. స్టీరింగు తిప్పినప్పుడు ఊచ గానీ చెయ్యి గానీ అడ్డం పడకుండా రెండు వైపులా పూర్తిగా తిప్పి చూడాలి.

మరీ కుడికి జరిపి తలుపు పక్క కమ్మీకి బిగిస్తే ఇంకో తిప్పలు. డ్రైవరు ఎడమ అద్దం చూసినప్పుడల్లా ముఖం కెమెరాకు దూరంగా తిరుగుతుంది, కళ్ళు కనపడవు, పరధ్యానం అని అరుస్తుంది. ఇక్కడ ఒక్క క్షణం ఆగి ఆలోచించండి. ఎడమ పక్కనుంచి బైకులు, ఆటోలు దూరే రోడ్డు మీద ఎడమ అద్దం చూడటం డ్రైవరు చేసే అత్యంత మంచి పని. యంత్రం ఆ మంచి పనికి తిట్టి, తిన్నగా ముందుకు చూస్తూ ఆలోచనల్లో మునిగిపోయినవాణ్ణి మెచ్చుకుంటుంది. పది రోజులు అలా తిడితే మనిషి తెలియకుండానే అద్దం చూడటం తగ్గిస్తాడు. పరధ్యానం అలారానికి తల తిరిగే కోణం 45 డిగ్రీలు, సమయం 3 సెకన్ల కంటే తక్కువ పెట్టనివ్వకండి.

కరెంటు కనెక్షన్ కూడా చూసుకోవాలి. లారీది 24 వోల్టుల బ్యాటరీ. పెట్టె 9 నుంచి 36 వోల్టుల వరకు తట్టుకునేదై ఉండాలి. ఫ్యూజు బాక్సులోంచి నేరుగా, ఇగ్నిషన్‌తో వచ్చే లైను తీసుకుని, దానికి విడిగా ఫ్యూజు పెట్టాలి. కొందరు టేపురికార్డరు వైరుకే కలిపేస్తారు, పాటల ఫ్యూజు పీకితే కెమెరా కూడా పడుకుంటుంది. ఎర్తు వైరు రంగు గీకిన ఇనుముకు బిగించకపోతే సెల్ఫు కొట్టినప్పుడల్లా పెట్టె రీస్టార్టు అవుతుంది, తిరిగి లేచేదాకా ఏదీ చూడదు.

కళ్ళద్దాలున్న డ్రైవర్లకు అద్దం మీద ఇన్‌ఫ్రారెడ్ వెలుగు తిరిగి కొట్టి కంటి మీద తెల్ల మచ్చ పడుతుంది. కెమెరాను రెండు మూడు అంగుళాలు కిందికో పక్కకో జరిపితే మచ్చ తప్పుకుంటుంది. కూలింగ్ గ్లాసుల్లో కొన్ని ఈ వెలుగును లోపలికి వదులుతాయి, కొన్ని వదలవు. డ్రైవరు పెట్టుకునే జత తెప్పించి చూడటం తప్ప దారి లేదు. తలకు తువ్వాలు నుదురు కిందికి దించి కట్టే అలవాటు ఉంటే కనుబొమలు దాగిపోయి లెక్క తప్పుతుంది. ఇద్దరు డ్రైవర్లు మార్చి మార్చి నడిపే బండిలో పొట్టి మనిషికి సరిపెట్టిన కోణం పొడుగాయనకు సరిపోదు. ఇద్దరి కళ్ళూ చట్రంలో పడేలా మధ్యస్థంగా పెట్టించాలి.

ఇప్పుడు అలారాల సంగతి, ఈ సరుకు ఓడిపోయే చోటు. కళ్ళు మూత, ఆవలింత, పరధ్యానం, ఫోను, సిగరెట్టు, సీటు బెల్టు, గీత దాటడం, ముందు బండికి దగ్గరవడం అన్నీ కలిపి ఆన్ చేసి ఇస్తారు. అన్నిటికీ ఒకే కూత. తర్వాత ఇంగ్లీషులో ఆడగొంతు "ఫటీగ్ డ్రైవింగ్, ప్లీజ్ టేక్ రెస్ట్" అంటుంది. ఆ మాట పూర్తయ్యేదాకా నిమిషాలు పట్టకపోవచ్చు గానీ దేని గురించి మోగిందో తెలియడానికి రెండు మూడు సెకన్లు పడుతుంది. ఎదురు బండి హైబీము పడి కళ్ళు చిట్లిస్తే కళ్ళు మూత. పాట పాడితే ఆవలింత. వక్క నమిలితే ఇంకేదో. ఇలా ఊరికే మోగే గంటను మనిషి ఎంతకాలం నమ్ముతాడు? నాన్నా పులి కథ మనకు చిన్నప్పటినుంచీ తెలుసు. యంత్రాల మీద మనుషుల నమ్మకం గురించి రాజా పరశురామన్, విక్టర్ రైలీ 1997లో రాసిన వ్యాసంలో దీన్ని విడదీసి చూపారు: తప్పుడు అలారాలు పెరిగితే మనుషులు నిజమైనదాన్ని కూడా పక్కన పెట్టేస్తారు, అది మనుషుల మొండితనం కాదు, తయారీలో ముందే ఊహించాల్సిన ఫలితం. మన బండ్లలో అది కెమెరా మీద వేలాడే తువ్వాలుగా, స్పీకరు రంధ్రాలకు అంటించిన టేపుగా కనిపిస్తుంది.

కాబట్టి కోత పెట్టాలి. స్పీకరు గట్టిగా మోగేది ఒక్క కళ్ళు మూతకే. పెర్‌క్లోస్ హెచ్చరికకు వేరే స్వరం, మెత్తగా, ఒక్కసారి. ఫోనుకు చిన్న టిక్కు. సిగరెట్టు, ఆవలింత క్యాబిన్‌లో మోగనక్కర్లేదు, రికార్డులో ఉంటే చాలు. 30 కిలోమీటర్ల లోపు వేగంలో ఏదీ మోగకూడదు. ఇంగ్లీషు గొంతు తీసేసి తెలుగు మాట పెట్టించండి, చాలా పెట్టెల్లో ఆడియో ఫైలు మార్చే వీలుంటుంది. మాట పొడుగు వద్దు. "అన్నా, కళ్ళు మూసుకుపోతున్నాయ్, బండి పక్కకు తీయ్" చాలు. డ్రైవరు ఇంట్లోవాళ్ళ గొంతు పెట్టమని కొందరు సలహా ఇస్తారు. వద్దు. నిద్రలో ఉలిక్కిపడే మనిషికి ఆ గొంతు వినపడితే ముందు తల వెనక్కి తిప్పుతాడు.

రోడ్డు చూసే కెమెరా గురించి ఎక్కువ రాయక్కర్లేదు. ఆరు వరసల హైవే మీద గీతలు తెల్లగా ఉన్న చోట గీత దాటితే చెప్తుంది, బాగానే చెప్తుంది. చీమకుర్తి నుంచి గ్రానైటు రాయి దిగే రోడ్డులో, కోతల కాలంలో ఒక పక్క వడ్లు ఆరబోసిన పల్లె రోడ్డులో గీతలే ఉండవు, ఉన్నా దుమ్ము కింద ఉంటాయి. అక్కడ అది మౌనంగా ఉంటుంది లేదా తారు అతుకును గీత అనుకుని కూస్తుంది. ముందు బండి దూరం చెప్పే అలారం మన రోడ్ల మీద ఎడతెగకుండా మోగుతుంది, ఎందుకంటే మనం విడిచిన జాగాలోకి ఇంకెవరో వచ్చేస్తారు. దాన్ని ఢీకొట్టే ప్రమాదం ఉన్నప్పుడే మోగేలా చివరి దశకు తగ్గించుకోవచ్చు. అన్నిటికంటే ముఖ్యం, రాత్రి లైటు లేకుండా ఆగి ఉన్న లారీని ఈ ఒక్క కెమెరా నమ్మకంగా పట్టుకుంటుందని అనుకోకండి. అమ్మేవాడు పగటి వీడియో చూపిస్తాడు. రాత్రి వీడియో అడగండి.

ఇక కంట్రోల్ రూమ్. పెద్ద తెర, మ్యాపు మీద బండ్లు, ఎర్ర చుక్కలు, తలకు హెడ్‌సెట్టు పెట్టుకున్న కుర్రాడు. చూస్తే ధైర్యం వస్తుంది. ఒక చిన్న లెక్క వేయండి. ఒక మనిషి కింద 40 బండ్లు, ఒక్కో బండి రాత్రికి 20 అలారాలు పంపిస్తుందనుకుందాం. మొత్తం 800. రాత్రి 10 నుంచి పొద్దున 6 దాకా 8 గంటలు. గంటకు 100, అంటే 36 సెకన్లకు ఒకటి. వీడియో ముక్క తెరుచుకోవాలి, పది సెకన్లు చూడాలి, నిజమా కాదా తేల్చాలి, నంబరు తీసి ఫోను చేయాలి, ఎత్తేదాకా ఆగాలి. తక్కువలో తక్కువ రెండు నిమిషాలు. కుదరని పని. కుదరని పని ఇస్తే మనిషి ఏం చేస్తాడో అందరికీ తెలుసు: వరసగా "చూశాను" నొక్కుకుంటూ పోతాడు. నెలాఖరు రిపోర్టులో అన్ని అలారాలూ చూసినట్టే ఉంటాయి.

ఇది లారీలతో మొదలైన జబ్బు కాదు. 1994 జులై 24న బ్రిటన్‌లోని మిల్ఫర్డ్ హేవెన్ రిఫైనరీలో పేలుడుకు ముందు చివరి 11 నిమిషాల్లో ఇద్దరు ఆపరేటర్ల మీద 275 అలారాలు వచ్చి పడ్డాయి. ఆ తర్వాత అక్కడి పరిశ్రమల కోసం వచ్చిన ఈఈఎంయూఏ 191 మార్గదర్శకం ఒక కొలత చెప్తుంది: మామూలు సమయంలో ఒక ఆపరేటరుకు పది నిమిషాలకు ఒక అలారం లోపుంటే సరే, నిమిషానికి ఒకటి మించితే ఒప్పుకోదగింది కాదు. కంట్రోల్ రూమ్ అమ్మే కంపెనీని ఈ ఒక్క ప్రశ్న అడగండి: రాత్రి ఒక మనిషికి గంటకు ఎన్ని అలారాలు వస్తున్నాయి? ఆరు చెప్తే మాట్లాడుకోవచ్చు. అరవై చెప్తే లేచి రావచ్చు.

అలారాలు తగ్గించినా ఇంకో కష్టం మిగులుతుంది. ఏమీ జరగని తెరను గంటల తరబడి చూడటం మనిషి వల్ల కాదు. నార్మన్ మ్యాక్‌వర్త్ 1948లో ప్రచురించిన గడియారం పరీక్ష దీన్ని తేల్చింది. రెండో ప్రపంచ యుద్ధంలో రాడార్ తెర చూసే సైనికులు ఎందుకు గుర్తులు వదిలేస్తున్నారో తెలుసుకోవడానికి, ఒక ముల్లు మెల్లగా గెంతుతూ పోయే పలక ముందు మనుషుల్ని రెండు గంటలు కూర్చోబెట్టాడు. ముల్లు ఎప్పుడో ఒకసారి రెండింతలు గెంతుతుంది, అది పట్టుకోవాలి. మొదటి అరగంట దాటేసరికే పట్టుకోవడం తగ్గిపోయింది. డ్రైవరు రాత్రి మూడింటికి నిద్రకు లొంగుతాడని కెమెరా పెట్టి, అదే మూడింటికి ఇంకో మనిషిని తెర ముందు కూర్చోబెట్టి వాడు లొంగడని అనుకుంటున్నాం. అరగంట, ముప్పావు గంటకు మనిషిని మార్చే పద్ధతి ఉందా అని అడగండి.

తెర మీద ఆకుపచ్చ చుక్క కూడా నమ్మదగ్గది కాదు. ఆ చుక్క చెప్పేది కెమెరా డ్రైవరును చూస్తోందని కాదు, పెట్టె నుంచి చివరి సంకేతం కొన్ని నిమిషాల లోపు వచ్చిందని మాత్రమే. గిద్దలూరు దాటి నల్లమలలోకి ఎక్కిన బండి సిగ్నలు పోయాక కూడా కాసేపు ఆకుపచ్చగానే ఉంటుంది. లెన్సు మీద తువ్వాలు ఉన్నా ఆకుపచ్చే. 1979 మార్చి 28న అమెరికాలో త్రీ మైల్ ఐలాండ్ అణు విద్యుత్ కేంద్రంలో జరిగిన ప్రమాదంలో కీలకమైన తప్పు ఇలాంటి లైటే. వాల్వు మూసుకోమని ఆజ్ఞ వెళ్ళగానే లైటు ఆరిపోయేది. వాల్వు నిజంగా మూసుకుందో లేదో ఆ లైటుకు తెలియదు. వాల్వు తెరుచుకునే ఉండిపోయింది, ఆపరేటర్లు రెండు గంటలకు పైగా మూసుకుందనే అనుకున్నారు. మీ తెర మీద మూడు సంగతులు విడివిడిగా కనిపించాలి: పెట్టె లైనులో ఉందా, డ్రైవరు ముఖం కెమెరాకు దొరుకుతోందా, చివరిగా కళ్ళు కనిపించింది ఏ సమయానికి. "లెన్సు మూశారు" అనే అలారం ఈ సరుకులో ఉన్న మంచి గుణం, దాన్ని మాత్రం ఆపించకండి.

ఇప్పుడు ఆ ఫోను. బండి నడుపుతూ నిద్రకు తూగుతున్న మనిషికి ఫోను చేసి చేత్తో ఎత్తించడం కంటే పెద్ద పొరపాటు ఉండదు. 2019 సవరణ తర్వాత మోటారు వాహనాల చట్టం ప్రకారం నడుపుతూ చేత్తో ఫోను పట్టుకోవడం ప్రమాదకరమైన డ్రైవింగు కిందికి వస్తుంది. ఈ సర్వీసు డబ్బు తీసుకుని డ్రైవరు చేత అదే చేయిస్తోంది. క్లీనరు ఉన్న బండి అయితే క్లీనరు నంబరు ముందు రాయించండి. కంట్రోల్ రూమ్ మాట్లాడాల్సింది క్లీనరుతో: "తమ్ముడూ, అన్నకు నిద్ర వస్తోంది, మాట్లాడిస్తూ ఉండు, ముందు వచ్చే బంకులో ఆపించు." క్లీనరు లేకపోతే పెట్టె స్పీకరులోంచి ఒకటే మాట, జవాబు అడగకుండా. తర్వాత మ్యాపు మీద బండిని చూడాలి. పావుగంటలో రెండుసార్లు కళ్ళు మూతపడిన బండి తర్వాతి పది కిలోమీటర్లలో ఎక్కడైనా ఆగిందా లేదా అన్నదే కంట్రోల్ రూమ్ చూడాల్సిన అసలు సంగతి. ఆగకపోతే అప్పుడు ఓనరుకు. ఆపేది కూడా రోడ్డు పక్కన మట్టి మీద కాదు. బూదనం, వెంకటాచలం, ముసునూరు, టంగుటూరు టోల్‌గేట్ల మధ్య బంకులు, లైట్లున్న ఢాబాలు ఎక్కడెక్కడ ఉన్నాయో ఒక పట్టీ కంట్రోల్ రూమ్ గోడకు అంటించి ఉండాలి. ఎక్కడో దూరపు నగరంలో కూర్చున్న కుర్రాడికి కావలి ముందో సింగరాయకొండ ముందో తెలియదు.

ఆపాక ఏం చేయాలో కూడా చెప్పకుండా వదిలేస్తున్నారు. కిటికీ దించి గాలి కొట్టించుకోవడం, పాటలు పెట్టడం నిద్రను దాదాపు ఆపలేవని ఇంగ్లండ్‌లో లఫ్‌బరో విశ్వవిద్యాలయంలో హార్న్, రైనర్ చేసిన పరీక్షల్లో తేలింది. వాళ్ళ పరీక్షల్లో పనిచేసింది కాఫీ తాగి వెంటనే పావుగంట కునుకు. కాఫీ ఒంటికి పట్టేలోపు కునుకు అయిపోతుంది, రెండూ కలిసి మనిషిని లేపుతాయి. కునుకు అరగంట దాటితే లేచాక మత్తుగా ఉంటుంది, అప్పుడు వెంటనే స్టీరింగు పట్టకూడదు. కెమెరా కొన్న ఓనరు డ్రైవరుకు ముందే చెప్పాల్సింది ఇదే: అలారం మోగి నువ్వు ఇరవై నిమిషాలు ఆపితే లేటని ఎవరూ అడగరు. గూడూరు నిమ్మకాయ లోడుకైనా, చల్లటి పెట్టెలో రొయ్యలకైనా ఆ ఇరవై నిమిషాలు సర్దుకోవచ్చు.

అలా కాకుండా అలారాలు లెక్కపెట్టి బత్తా కోసే ఓనర్లు ఉన్నారు. ఆ రోజే ఈ పరికరం చచ్చిపోతుంది. డ్రైవరుకు నిద్ర శత్రువు కాకుండా కెమెరా శత్రువైపోతుంది. పదిహేడు గంటలు మెలకువగా ఉన్న మనిషి పనితీరు, రక్తంలో 0.05 శాతం మద్యం ఉన్న మనిషి పనితీరుతో సమానంగా పడిపోతుందని పరిశోధనలు చూపించాయి. మన చట్టం ఒప్పుకునేది 0.03 శాతమే. అలాంటి ట్రిప్పు వేసింది డ్రైవరు కాదు. 2025 నవంబరులో కొత్త కార్మిక కోడ్ అమల్లోకి వచ్చేదాకా నడిచిన 1961 నాటి మోటారు రవాణా కార్మికుల చట్టం రోజుకు 8 గంటల పని, 5 గంటలకు మించకుండా కనీసం అరగంట విశ్రాంతి అనేది. ఈ పెట్టెలోనే డ్రైవరు ఎన్ని గంటలుగా నడుపుతున్నాడో లెక్క ఉంటుంది. నాలుగున్నర గంటలకు ఓనరు ఫోనుకు మెసేజి వచ్చేలా పెట్టమనండి. మొత్తం సరుకులో అత్యంత చవకైనది, తప్పుడు అలారం దాదాపు లేనిది ఆ మెసేజే. అమ్మేవాళ్ళు దాన్ని మెనూలో ఎక్కడో అడుగున దాచిపెట్టారు.

డేటా, మెమరీ కార్డు సంగతి క్లుప్తంగా. రెండు కెమెరాలు సెకనుకు చెరో 2 మెగాబిట్ల చొప్పున రికార్డు చేస్తే గంటకు 1.8 జీబీ. 128 జీబీ కార్డులో సుమారు 70 గంటలే పడుతుంది, దూరపు ట్రిప్పు పోయి వచ్చేసరికి మొదటి రోజుది చెరిగిపోయి ఉంటుంది. ప్రమాదం జరిగితే ఆ రోజే కార్డు తీసి పెట్టుకోవాలి. మామూలు ఫోను కార్డులు క్యాబిన్ వేడికి, ఎడతెగని రికార్డింగుకు తొందరగా పోతాయి. హై ఎండ్యూరెన్స్ రకం వేయించండి, నెలకోసారి ఒక వీడియో తెరిచి చూడండి.

డబ్బు పూర్తిగా కట్టే ముందు యార్డులోనే ఒక పరీక్ష పెట్టాలి, గంట పడుతుంది. డ్రైవరును సీట్లో కూర్చోబెట్టి రెండు సెకన్లు కళ్ళు మూయించండి, మోగాలి. కళ్ళద్దాలతో మళ్ళీ, తువ్వాలు కట్టుకుని మళ్ళీ, చీకటి పడ్డాక మళ్ళీ. ఎడమ అద్దం రెండు సెకన్లు చూడమనండి, మోగకూడదు. ఎండ వైపు తిప్పి కళ్ళు చిట్లించమనండి, మోగకూడదు. లెన్సు మీద చెయ్యి పెట్టి, కంట్రోల్ రూమ్‌కు ఆ కబురు ఎన్ని సెకన్లకు చేరిందో ఫోనులో అడగండి. ఒక్కటి తప్పినా ఫిట్టరు చేత కోణం మార్పించి మళ్ళీ మొదటినుంచి చేయించండి. ఆగి ఉన్న బండిలో పరీక్ష చేయాలంటే వేగం హద్దును 30 నుంచి సున్నాకు దించుతారు. అయిపోయాక తిరిగి 30కి మార్చారో లేదో తెర మీద చూపించమనండి. మార్చకపోతే చీమకుర్తి క్వారీలో లోడు కోసం బండి నిలిపి పావుగంట కునుకు తీసే డ్రైవరును కూడా అది నిద్రపోనివ్వదు.